పొద్దంతా ఒక్క బీడీ

తడిసిన తునికాకు వాసన.

అడవి వాసన. వాన వాసన... నలభై ఏళ్లుగా గంగామణి ఒడిలో ఆరని వాసన.

ఆ ఒడిలో రోజుకు వెయ్యి బీడీలు. ఆకు, తంబాకు, చుట్టు, దారం. ఆకు, తంబాకు, చుట్టు, దారం. నిద్రలోనూ వేళ్లు చుడుతూనే ఉంటాయి — ఆగమంటే ఆగవు. పదేళ్ల వయసు నుంచి ఆ చేతులు ఆమె మాట వినలేదు.

ఇవాళ వినాలి.

బాన్సువాడ బస్టాండు ఎదుట, చాట ఒళ్లో పెట్టుకుని, ఒక్క ఆకు తీసింది. పొద్దు పొడిచింది మొదలు పొద్దు గూకేదాకా ఒక్క బీడీయే చుట్టాలి. చెయ్యి ఆగకూడదు. తొందరపడకూడదు. ఆకు పగిలిందా — అంతటితో సరి.

ఇలా చుట్టమని అడిగింది వర్ని ఊరి అమ్మాయి యశస్వి. పట్నంలో బొమ్మలు గీయడం నేర్చింది, దీన్ని కళ అంటుంది. ఒంటితో గీసే బొమ్మ అంటుంది. గంగామణి కళ కోసం ఒప్పుకోలేదు. చేతుల కోసం ఒప్పుకుంది.

"ఏందే గంగా, గిట్ల చుడితె కార్ఖానాల ఉంచుకుంటరా నిన్ను?" పక్కింటి జమునాబాయి పకపకా నవ్వింది.

"మెల్లగ మాట్లాడు వదినా. చేతులు ఇంటయి."

తొమ్మిదింటికి ఆకు అంచు వెంట్రుకంత వంగింది.

పదకొండింటికి భుజం మండింది.

ఒంటిగంటకు — ఎండ.

ఆకు ఆరుతోంది. ఆరిన ఆకు పగులుతుంది. బీడీలు చుట్టే ప్రతి ఆడదానికీ తెలుసు ఆ సంగతి. చుట్టూ మూగినవాళ్ల నవ్వులు ఆగిపోయాయి.

"అక్కా, రెండు చుక్కలు చల్లనా?" యశస్వి నీళ్ల సీసాతో లేచింది.

గంగామణి తల అడ్డంగా ఊపింది. నీళ్లు పడితే తంబాకు పాడవుతుంది.

అప్పుడు తిరగబడ్డాయి వేళ్లు. భయమేస్తే వాటికి తెలిసింది ఒకటే — వేగం. చిటికెలో ఒక చుట్టు... రెండో చుట్టు... బొటనవేలు చివరి మడత మీదికి ఉరికింది.

"మెల్లగ, గంగా! మెల్లగనే!" ఈసారి జమునాబాయి గొంతులో నవ్వు లేదు.

గంగామణి నడుము వంచింది. ఆకును నోటి దగ్గరికి తెచ్చుకుని ఊపిరి వదిలింది. వెచ్చని ఊపిరి. తడి ఊపిరి. మళ్లీ. ఒక ఊపిరికి ఒక వెంట్రుక. మళ్లీ. ఒక ఊపిరికి ఒక వెంట్రుక.

ఆకు మెత్తబడింది.

బొటనవేలు — నలభై ఏళ్లలో మొదటిసారి — ఆమెను అడిగి కదిలింది.

బోధన్ బస్సులు వచ్చాయి, పోయాయి. ఎక్కాల్సినవాళ్లు ఎక్కలేదు.

సూర్యుడి ఆఖరి అంచు దిగుతుండగా దారం బిగిసింది. ఆకు పగల్లేదు.

చప్పట్లు. ఈలలు. యశస్వి ఏడుస్తూ నవ్వుతోంది.

గంగామణి రెండు చేతులూ మోకాళ్ల మీద పెట్టుకుంది. అవి కదల్లేదు. పెట్టినచోట ఉన్నాయి — కొమ్మ మీద వాలిన రెండు పిట్టల్లా.

వాటి మీదికి వంగి, ఎవరికీ వినపడకుండా అడిగింది.

"ఇగ చెప్పుండ్రి... రేపేం జేద్దాం?"