ఇరుకు లోయలో మామా అల్లుడూ

బస్సు ఎక్కగానే చెప్పేయాలని అల్లుడి ఆలోచన. ఊరు దాటకముందే మాట బయటపడితే, మిగిలిన ప్రయాణమంతా మామగారు తిట్టుకుంటూనో, అలుగుతూనో గడిపి, తిరిగొచ్చేసరికి సర్దుకుంటారని అనుకున్నాడు. ఇంట్లో చెప్పడం అతనివల్ల కాలేదు. ఉండేది ఇద్దరే అయినా, నోరు తెరవబోయేసరికి ఆయన టీవీ పెట్టేవారు, లేదంటే పొయ్యి మీద పాలు పొంగేవి. ఆ రెండూ కాకపోతే ఇతనికే గుండె జారిపోయేది. అందుకే ఎడారి లోయలు తిప్పి చూపించే టూరు బస్సులో రెండు సీట్లు తీసుకున్నాడు. కదిలే బస్సులోంచి లేచివెళ్ళి ఎవరూ గది తలుపు వేసుకోలేరు కదా.

చెప్పాల్సింది చిన్న మాటే. అతను మళ్ళీ పెళ్ళి చేసుకుంటున్నాడు.

అతనిది కళ్ళద్దాల దుకాణం. భార్య జబ్బు చేసి పోయి కొన్నేళ్ళయింది. ఆమె జబ్బుపడినప్పుడు సాయానికని ఒక సంచీతో వచ్చిన మామగారు, ఆమె పోయాక కూడా ఉండిపోయారు. వెళ్ళమని ఇతను అనలేదు, ఉండమనీ అనలేదు. స్నానాలగదిలో రెండో తువ్వాలు దానంతటదే అలా వేలాడుతూ ఉండిపోయింది. ఆయన జీవితమంతా సెలూను నడిపిన మనిషి. పొద్దున్నే లేచి ఇద్దరికీ టీ పెట్టడం, దుకాణానికి వచ్చి కూర్చుని, అద్దాలు మార్చుకునేవాళ్ళకి "ఈ ఫ్రేము మీ చెవులకి నప్పలేదండీ" అని నిర్మొహమాటంగా చెప్పడం ఆయనకి అలవాటైపోయింది. ఆయన మాట వినే చాలామంది ఖరీదైన ఫ్రేములు వెనక్కి పెట్టేసేవారు. అల్లుడు పళ్ళు నూరుకునేవాడు గాని పైకి ఏమీ అనేవాడు కాదు.

ఆయన డాక్టరు దగ్గరికి వెళ్ళిన ఒక రోజున ఈత నేర్పే టీచరమ్మ ఒకామె దుకాణానికి వచ్చింది. నీళ్ళలో పెట్టుకునే అద్దాలకి పవరు వేయించాలంది. "ఒడ్డున ఉన్న పిల్లలు కనిపిస్తున్నారు గాని, మునుగుతున్నవాళ్ళు కనిపించడం లేదండీ" అంది నవ్వుతూ. ఆ అద్దాల కోసం ఆమె చాలాసార్లు, అదీ మామగారు దుకాణంలో లేని వేళల్లో, రావాల్సి వచ్చింది. నిజం చెప్పాలంటే అన్నిసార్లు రావాల్సిన అవసరం లేదు.

తీరా బస్సు కదిలాక మామగారు పక్క సీట్లో ఉంటేగా! తెల్లవారుజామున సామాన్లు ఎక్కించేటప్పుడే డ్రైవరుతో వరస కలిపేశారు. వెనక వరసలోని కొత్త జంటకి కిటికీ తెర ఎలా లాగాలో చూపించారు. ఎండ ఉన్నా లేకపోయినా గొడుగు వదలని ఒక పెద్దావిడతో మోకాళ్ళ నొప్పుల గురించి మాట్లాడుతూ నిలబడిపోయారు. గైడమ్మాయి మెడలో వేసుకున్న విజిల్ ఊది, "తాతగారూ, కూర్చోండి!" అని కేకేస్తే గాని సీటు దగ్గరికి రాలేదు. వచ్చిన మరుక్షణమే గురక.

సాయంత్రానికి మొదటి లోయ అంచుకు చేరారు. అప్పటిదాకా నేల చదునుగా, బూడిదరంగు పొదలతో, చూడ్డానికేమీ లేనట్టుగా ఉంది. నాలుగడుగులు వేసేసరికి ఆ నేల ఉన్నట్టుండి లేకుండాపోయింది. కింద, ఎంతో కింద, ఎరుపూ గోధుమరంగూ గులాబీరంగూ పొరలు పొరలుగా రాతిగోడలు. అడుగున దారప్పోగులా నది. అందరూ అంచున వేసిన ఇనుప రెయిలింగు దగ్గర వరసకట్టారు. మామగారు రెయిలింగు పట్టుకుని ఆ చారల్ని ఈ చివర్నుంచి ఆ చివరిదాకా చూసి, "ఎవరు దువ్వారో గాని, పాపిడి ఒక్క దగ్గరా వంకరపోలేదు" అన్నారు.

ఆయన ముఖం అంత వెలిగిపోతూ ఉంటే అల్లుడికి ఆ వెలుగు ఆర్పబుద్ధి కాలేదు. రేపు చెప్దాంలే అనుకున్నాడు.

మర్నాడు దారి మరీ పొడుగు. ఎంతసేపు పోయినా కిటికీలో అదే పొద, అదే ఇసుక. జనం ఆవలిస్తున్నారని గైడమ్మాయి మైకు వెనక్కి పంపింది. ఎవరి గురించి వాళ్ళు రెండు ముక్కలు చెప్పుకోవాలి. గొడుగావిడ తను టెలిఫోను ఆఫీసులో చేసి రిటైరయ్యానని చెప్పింది. కొత్త జంట సిగ్గుపడి మైకు ముందుకు తోసేసింది. అది మామగారి చేతికి వచ్చింది.

"అందరికీ నమస్కారం. నేను సెలూను నడిపినవాణ్ణి. ఈ బస్సులో ఏ తలకి ఏ కటింగు నప్పుతుందో నిన్ననే చూసి పెట్టాను, అడిగితే చెప్తాను." బస్సంతా నవ్వింది. ఆయన గొంతు సవరించుకున్నారు. "ఇదిగో, ఇక్కడ తల దించుకుని కూర్చున్నాడే, వీడు మా అల్లుడు. నా కూతురు పోయింది. అయినా నన్ను కడుపులో పెట్టుకుని చూసుకుంటున్నాడు. మళ్ళీ పెళ్ళి అన్న ఊసే ఎత్తలేదు. ఇంకా వయసులో ఉన్నవాడు! ఇలాంటివాణ్ణి ఇంకొకణ్ణి చూపించండి చూద్దాం."

చప్పట్లు మారుమోగిపోయాయి. డ్రైవరు కూడా ఒకసారి హారను కొట్టాడు. ముందు సీటులోంచి గొడుగావిడ కళ్ళు తుడుచుకుంటూ వెనక్కి తిరిగి, అతని అరచేతిలో ఒక పిప్పరమెంటు బిళ్ళ పెట్టి గుప్పిట మూసింది. అల్లుడికి తల కొట్టేసినట్టయింది. ఆ బిళ్ళ చేతిలోనే కరిగి జిగురైపోయింది.

ఇక దాచడం మోసమేనని ఆ రాత్రి హోటలు గదిలో తేల్చుకున్నాడు. మర్నాడు మధ్యాహ్నం, రాతి తోరణం ఒకటి చూపించడానికి బస్సు ఆగింది. మిగతావాళ్ళు ఫోటోల కోసం పైకి ఎక్కారు. మామా అల్లుడూ నీడలో ఉన్న సిమెంటు బల్ల మీద కూర్చుని ఫ్లాస్కులో టీ పంచుకున్నారు.

"మామయ్యా, నిన్న మీరు మైకులో చెప్పారే..."

"బాగా చెప్పానా?"

"అది నిజం కాదు."

ఆయన కప్పు కింద పెట్టారు. అతను ఒక్క గుక్కలో అంతా చెప్పేశాడు. ఈత టీచరు, అద్దాలు, ఏడాది దాటిన పరిచయం, వానలు పడేలోగా రిజిస్ట్రారు ఆఫీసులో పెళ్ళి చేసుకుందామనుకోవడం.

"ఏడాది!" అన్నారు మామగారు. "ఏడాది నుంచి పొద్దున్నే నీకు టీ ఇచ్చింది నేను. ఒక్కరోజు నా చెవిన వేయబుద్ధి కాలేదా?"

"చెప్దామనే అనుకున్నాను. రోజూ అనుకున్నాను."

"నిన్న బస్సంతా వినేలా చెప్పానే నేను! వాళ్ళ ముఖాలు ఎలా చూడను ఇప్పుడు?"

"మీరు మైకు అందుకుంటారని నాకేం తెలుసు మామయ్యా?"

ఆయన మిగిలిన టీ ఇసుకలో పారబోశారు. ఇసుక దాన్ని చప్పున తాగేసింది. ఆయన లేచి బస్సు దగ్గరికి నడిచి, మెట్టు మీద కూర్చుని ఉన్న డ్రైవరుతో ఒక్క ముక్క కూడా మాట్లాడకుండా లోపలికెళ్ళారు. అల్లుడు వెనకే వెళ్తే, "అల్లుడుగారూ, కాస్త దారిస్తారా? నేను ఆ ముందు సీట్లో కూర్చుంటాను" అన్నారు.

ఇన్నేళ్ళలో ఆయన అతన్ని 'గారూ' అనలేదు. చెంప మీద కొట్టినా అంత నొప్పి పుట్టేది కాదు.

అలా గొడుగావిడ గొడుగుతో సహా అతని పక్కకి వచ్చింది. కాసేపు ఊరుకుంది గాని ఆగలేకపోయింది. "ఏం చేశావు నాయనా?"

"పెళ్ళి చేసుకుంటున్నానండీ."

ఆవిడ, "అయితే నిన్న నేను ఊరికే ఏడ్చానన్నమాట" అంది. కాసేపయ్యాక, "మంచిదేలే. ఆయన ఏడుపు మాత్రం ఊరికే కాదు. కాస్త ఓపిక పట్టు" అని గొడుగు ఒళ్ళో సర్దుకుని కళ్ళు మూసుకుంది.

ఆ సాయంత్రం భోజనాల దగ్గర మామగారు వేరే బల్ల దగ్గర కూర్చున్నారు. సూపు చల్లారిపోతున్నా చెంచా కదలలేదు. "తాతగారికి ఒంట్లో బాగాలేదా?" అని గైడమ్మాయి అడిగితే, బాగానే ఉందని చెప్పి గదికి వెళ్ళిపోయారు. అల్లుడు వెళ్ళేసరికి గోడవైపు తిరిగి పడుకుని ఉన్నారు. గురక మాత్రం లేదు.

మర్నాడు ఇరుకు లోయ. ఎన్నో యుగాలుగా వరదనీళ్ళు కోసుకుంటూ పోయిన రాతి సందు అది. చేతులు చాపితే రెండు గోడలూ తగులుతాయి. తల పైకెత్తితే రిబ్బనంత ఆకాశం. లోపల ఇనుప నిచ్చెనలు ఎక్కుతూ ఒకవైపు నుంచి మరోవైపుకి పోవాలి, వెనక్కి తిరగడం కుదరదని గైడమ్మాయి ముందే చెప్పింది. గొడుగావిడ బస్సులోనే ఉంటానంది. మామగారు మాత్రం ఎవరి మీద పంతమో గాని, పైపంచె నడుముకి బిగించి వరసలో నిలబడ్డారు. మధ్యలో ఆయాసపడుతూ ఒక్కొక్కరికీ దారి వదలడంతో ఆయన చివరికొచ్చారు. ఆయన వెనక అల్లుడు ఒక్కడే.

అన్నిటికన్నా నిటారుగా ఉన్న నిచ్చెన మధ్యలో ఆయన ఆగిపోయారు. ముందున్నవాళ్ళు మలుపు తిరిగిపోయారు. వాళ్ళ మాటలు గోడలకి తగిలి గుసగుసల్లా వినిపిస్తున్నాయి.

"ఏమైంది మామయ్యా?"

"కాలు రావడం లేదు."

"ఏ కాలు?"

"రెండూ."

"దిగుతారా?"

"దిగలేను, ఎక్కలేను. ఆ మైకేదో ఇప్పుడుంటే ఇది కూడా చెప్పేవాణ్ణి."

అల్లుడికి నవ్వూ ఏడుపూ ఒకేసారి వచ్చాయి. నిచ్చెన ఎక్కి ఆయన చెప్పు కిందికి భుజం ఆనించాడు. "నా మీద కాలు మోపండి."

"అల్లుడి మీద కాలు మోపుతారా ఎవరైనా?"

"అలిగినవాళ్ళు మోపొచ్చు."

ఆయన కాలు మోపారు. బరువు భుజం మీద పడింది. కానీ పైకి లేవలేదు. రాతి గోడకేసి నుదురు ఆనించి అలాగే ఉండిపోయారు. ఒకరి ముఖం ఒకరికి కనిపించడం లేదు. అందుకేనేమో మాట వచ్చింది.

"నీకు అది గుర్తొస్తుందా?"

'అది' అంటే ఎవరో చెప్పనక్కర్లేదు.

"రోజూ గుర్తొస్తుంది."

"మరి?"

"గుర్తు రావడం ఆగలేదు మామయ్యా. ఇదీ ఆగలేదు."

పైనుంచి కాస్త ఇసుక రాలి అల్లుడి మెడ మీద పడింది.

"నేను వద్దంటే?"

అబద్ధం చెప్పడం సులువే, కానీ అతనికి ఇష్టం లేకపోయింది. "మీరు వద్దన్నా చేసుకుంటాను" అన్నాడు. "కానీ మీరు ఇల్లు వదిలి వెళ్ళిపోతే, అది నాకు ఇల్లులా ఉండదు. ఆ మాట ఆమెకీ చెప్పాను. ఆమెకి మొదట చెప్పింది మీ గురించే."

మామగారు గొంతు తగ్గించి, "అది ఉన్నన్నాళ్ళూ నువ్వు నా అల్లుడివి. ఇప్పుడు నువ్వు వేరే ఎవరి అల్లుడివో అవుతావు. మరి నేను ఎవరి మామనిరా?" అన్నారు.

ఇన్నాళ్ళూ ఆయన కోపాన్ని ఊహించుకుని బెదిరాడు గాని, దాని కింద ఇంత భయం ఉంటుందని అల్లుడికి తట్టలేదు.

"ఇద్దరు మామలు ఉండకూడదని ఎవరన్నారు? ఆమె నాన్నగారు ఉన్నారు, ఆయన మోకాళ్ళు భేషుగ్గా ఉన్నాయి. ఆయన నిచ్చెన ఎక్కడానికి నా భుజం అడగరు. ఈ భుజం మీకే."

"వేళాకోళమా?"

"కాదు మామయ్యా."

"సరే అయితే, తొయ్యి!"

అల్లుడు కాళ్ళు కూడదీసుకుని భుజంతో పైకి తోశాడు. ఒక మెట్టు, ఇంకో మెట్టు. ఆఖరి మెట్టు మీద ఆయన బోర్లాపడి, పాకుతూ రాతి గట్టు మీదికి చేరి, వెల్లకిలా పడుకున్నారు. ఆ చోట సందు కాస్త వెడల్పయింది. మధ్యాహ్నపు ఎండ నిలువునా పడి రాళ్ళన్నీ లోపల దీపం పెట్టినట్టు నారింజరంగులో వెలుగుతున్నాయి. ఆయాసం తీరేదాకా ఇద్దరూ అలా చూస్తూ ఉండిపోయారు. వెతుక్కుంటూ వెనక్కొచ్చిన గైడమ్మాయి విజిల్ నోట్లో పెట్టుకుని కూడా ఊదలేదు.

అంతమాత్రాన అన్నీ తీరిపోలేదు. తిరిగి బస్సెక్కాక ఆయన ముందు సీట్లోనే కూర్చున్నారు. అల్లుడు పిలవలేదు. కానీ ఆ పూట భోజనాల దగ్గర అతని బల్లకే వచ్చి, "జరుగు" అన్నారు. జరగండి అనలేదు. అల్లుడు చప్పున జరిగాడు. మర్నాడంతా మాటలు తక్కువే. ఒక మలుపు దగ్గర మాత్రం, ముందు సీట్లోంచి ఎక్కడో చూస్తూ, "ఆమె కోపం మనిషా?" అని అడిగారు. "నీళ్ళలో దిగనని మొరాయించే పిల్లల మీద కూడా అరవదు" అంటే, "ఊఁ" అని ఊరుకున్నారు. ఇంకాసేపటికి, "టీ తాగుతుందా?" అన్నారు.

"చక్కెర లేకుండా."

"అదొక టీయేనా!" అన్నారు గాని, ఆ మాటలో మునుపటి మామగారు వినిపించారు.

చివరి రోజు, ఎడారి అంచున పెట్రోలు బంకు దగ్గర బస్సు ఆగింది. పక్కనే చిన్న టీ కొట్టు. అల్లుడి జేబులో ఫోను మోగింది.

"ఆమేనా?"

"ఆమే."

"ఇలా ఇవ్వు."

అతను బిక్కచచ్చిపోయి ఇచ్చేశాడు. మామగారు ఫోను చెవికి ఆనించి, అవతలివాళ్ళు ఎడారికి అటుపక్క ఉన్నారన్నట్టు గొంతెత్తారు.

"అమ్మా, నేను... ఎలా చెప్పాలబ్బా. నువ్వు చేసుకోబోయే అతను లేడూ, అతని మామని. ఆఁ, ఆ పాత మామనే. మనకి ఏ వరసవుతుందో నాకూ అంతుపట్టలేదు, తీరిగ్గా కూర్చుని ఏదో ఒకటి పెట్టుకుందాం."

అవతల నుంచి ఏదో నవ్వు. ఆయన ముఖం విప్పారింది. "లేదమ్మా, ఇప్పుడు కోపం లేదు. ఉండింది, కాదనను. వాడి మీదే, నీ మీద కాదు... ఏంటీ? ఈతా? నాకా? బకెట్టులో నీళ్ళు తప్ప ఎరగను తల్లీ... ఈ మోకాళ్ళతోనా?... నీళ్ళలో నొప్పి తెలీదా? నిజంగా?"

ఆయన బస్సు నీడలో అటూ ఇటూ పచార్లు మొదలుపెట్టారు. రాతి గోడల గురించి, పాపిడి గురించి, నిచ్చెన గురించి, అల్లుడి భుజం గురించి చేతులు తిప్పుతూ చెబుతున్నారు. చక్కెర వేయని టీ మీద తన అభిప్రాయం కూడా దాచుకోలేదు.

అల్లుడు టీ కొట్టుకి వెళ్ళి రెండు కప్పులు తెచ్చాడు. ఆయన ఇప్పట్లో ఫోను వదిలేలా లేరు. మెట్ల మీద నిలబడి చూస్తున్న గొడుగావిడకి ఒక కప్పు ఇచ్చేసి, తన కప్పు ఊదుకుంటూ, ఆయన మాట్లాడటం వింటూ నిలబడ్డాడు.