ఇస్త్రీబల్ల దగ్గర ఒక గంట

ఆ కుట్టుశాలలో బట్టలు ఇస్త్రీ చేసే ఆవిడను అందరూ ఇస్త్రీ అక్క అనేవాళ్ళు. పద్దెనిమిదేళ్ళుగా అదే బల్ల, అదే మూల, నెత్తిన అదే రేకుల కప్పు. ఆమె చేరిన కొత్తలో ఎండలంటే నెల రోజుల బాధ. పంటిబిగువున భరిస్తే గడిచిపోయేది. ఇప్పుడది నాలుగు నెలలకు సాగింది. కిందటేడు వీధిలో చెట్లు నిలువునా ఎండిపోయాయి. ఈ ఏడు కప్పు అంచున గూడు పెట్టిన పావురాలు పిల్లల్ని వదిలేసి ఎటో పోయాయి.

ఒక మంగళవారం మధ్యాహ్నం, గుండీలు కుడుతున్న ఆమె మరదలు కుర్చీలోంచి పక్కకు ఒరిగిపోయింది. సొంత తమ్ముడి భార్య. ఆ పనిలో పెట్టించింది కూడా అక్కే. ఒళ్ళు పెనంలా కాలుతోంది. చెమట చుక్క లేదు. తడిబట్టలు చుట్టి, ఆటోలో ఆస్పత్రికి పరుగుతీశారు.

డాక్టరమ్మ బయటికొచ్చి చెప్పింది: "గండం గడిచింది. ఇంకో పావుగంటైతే మనిషి దక్కేది కాదు. బొగ్గూ చమురూ కాల్చి కాల్చి భూమికి మనమే దుప్పటి కప్పాం. ఆ వేడి రేపటికి తగ్గేది కాదు. మీ షెడ్డు సంగతి మీరే చూసుకోవాలమ్మా."

ఆ మాట ఇస్త్రీ అక్క మనసులో ముల్లులా దిగింది. మర్నాడు తిన్నగా యజమాని గదిలోకి వెళ్ళింది. ఆయన ఆమె పెద్దమ్మ కొడుకే. గదిలో ఏసీ చల్లగా నడుస్తోంది.

"అన్నయ్యా, పనివేళలు మార్చు. తెల్లారి ఐదింటికొచ్చి పదకొండుకి పోతాం, మళ్ళీ సాయంత్రం వస్తాం. కప్పుకి తెల్లసున్నం వేయించు, లోపల వేడి కొంత తగ్గుతుంది."

"ఎండాకాలంలో ఎండ కాయక మంచు కురుస్తుందా? మన చిన్నప్పుడు లేదా ఎండ?"

"ఉంది. అప్పుడు మధ్యాహ్నాలు నీడన పడుకునేవాళ్ళం."

"వానొస్తే సున్నం కారిపోతుంది… సరుకు ఆలస్యమవుతుంది…" ఆయన నీళ్ళు నమిలాడు.

"సరే. రెండు నుంచి మూడు దాకా నా బల్ల దగ్గర నిలబడు. నిలబడగలిగితే ఈ మాట మళ్ళీ ఎత్తను."

అప్పటికే గుమ్మం దగ్గర చేరిన ఇరవైమంది ఆడవాళ్ళ ముందు వెనక్కి తగ్గడానికి ఆయనకు మొహం చెల్లలేదు. చొక్కా చేతులు పైకి మడిచి బల్ల దగ్గరికి వచ్చాడు. మొదటి చొక్కాకి జోకులేశాడు. మూడోదానికి మెడ దగ్గర గుండీ విప్పుకున్నాడు. ఆరోదాని మీద ఆయన చెమటే టపటపా రాలి మరకలు కట్టింది. పాతిక నిమిషాలయ్యేసరికి కళ్ళు బైర్లు కమ్మి బల్ల పట్టుకున్నాడు. ఎవరో కిసుక్కుమన్నారు. ఇస్త్రీ అక్క నవ్వలేదు. స్టూలు లాగి కూర్చోబెట్టి, మెడ మీద తడిగుడ్డ వేసింది.

"నిన్ను ఓడించడానికి పిలవలేదన్నయ్యా. తెలుస్తుందని పిలిచాను."

ఆయన నీళ్ళు తాగి అడిగాడు: "పద్దెనిమిదేళ్ళు ఇలాగే నిలబడ్డావా?"

"ఇలా లేదు. ఏటేటా ఇలా అయింది. వచ్చే ఏడు ఇంకా అవుతుంది. అందుకే ఇప్పుడే అడుగుతున్నా."

ఆదివారం పొద్దెక్కకముందే అందరూ నిచ్చెనలెక్కి కప్పంతా తెల్లగా కొట్టారు. యజమాని కింద నిలబడి బకెట్లు అందించాడు. గోడకు తగిలించిన థర్మామీటరులో మధ్యాహ్నం నలభైనాలుగు ఉండేది ముప్పైతొమ్మిదికి దిగింది. చల్లబడిందని కాదు, ఊపిరాడింది. కొత్త వేళలూ మొదలయ్యాయి. మూడు వారాలకు మరదలు తిరిగొచ్చి, గాలి తగిలే గుమ్మం పక్కన కుర్చీ వేసుకుంది.

ఆ సాయంత్రమే అక్కా మరదలూ ఇద్దరూ అక్కడా ఇదే అడగడానికి పక్కనున్న చెప్పుల కార్ఖానాకు వెళ్ళారు. అక్కడి యజమాని అన్నా కాదు, తమ్ముడూ కాదు. మొహం మీదే తలుపేశాడు. మర్నాడు పదిమంది వెళ్ళారు. ఆ మర్నాడు లోపల పనిచేసేవాళ్ళే బయటికొచ్చి వాళ్ళ పక్కన నిలబడ్డారు. నాలుగోనాటికి ఆయన గొణుక్కుంటూనే, సున్నం ఎక్కడ తెచ్చారని అడిగాడు.

"మేమే తెస్తాం. నిచ్చెన మాత్రం మీది," అంది ఇస్త్రీ అక్క.

ఆ వీధిలో ఇంకా తొమ్మిది రేకుల షెడ్లున్నాయి. తర్వాతి దానికి ఏ రోజు వెళ్ళాలో మరదలితో మాట్లాడుకుంటూ ఇంటిదారి పట్టింది.