క్షయాధికారి తొలి సెలవు

పండుటాకును నేలకు దింపి చిగురుకు చోటిచ్చే దేవా, రాతిని మట్టిగా, మట్టిని మొలకగా మలిచే క్షయనాథా! ముందుగా నీకు మూడు అగరుబత్తులు వెలిగించి, మూడుమార్లు నుదురు నేలకు తాకించి ఈ కథ మొదలుపెడుతున్నాను. నిన్ను తిట్టేవారే గాని తలచేవారు లేరు. ఈ పూటైనా మా కృతజ్ఞత అందుకో.

స్వర్గంలో కార్యాలయాలు తొమ్మిది వేలు. వానకొక శాఖ, మశూచికొక శాఖ, కోడికూతకు సైతం ఒక గుమాస్తా. అన్నిటిలోకీ పాతది క్షయశాఖ. లోకంలో తొలి వస్తువు పుట్టిన మరుక్షణమే దాన్ని పాతబరచడానికి ఒక అధికారి కావలసి వచ్చాడు. ఆనాటి నుండి ఆయన సెలవు ఎరుగడు, ఒక్కసారి తప్ప. అది మా బైషువిలోనే జరిగింది.

ఏటి ఒడ్డున ఉన్న మా ఊరికి సోయాముద్దే జీవనాధారం. ఉడికించిన గింజలకు బూజు పట్టించి, ఉప్పునీటిలో కలిపి, జాడీలలో ఎండకు ముగ్గబెడతాం. అందులో వెన్ సుయింగ్‌ది అందెవేసిన చేయి. ఒక చలికాలం ఆమె భర్త హాన్‌లిన్ కన్నుమూశాడు. అతని దూదికోటు మిగిలింది. మెడపట్టీలో అతని వాసన మిగిలింది. వసంతం రాగానే మోచేతి దగ్గర చిమట కొట్టిన చిల్లి కనబడేసరికి ఆమె ప్రాణం విలవిలలాడింది. కోటు చంకన పెట్టుకొని, నగరదేవుడి గుడిలో అర్జీలు రాసే పాంగ్ పంతులు వద్దకు నేరుగా వెళ్ళింది.

"బాబాయ్, ఈ కోటు పాడవకూడదు. పైకి ఒక అర్జీ పెట్టు."

"నీ ఒక్కదాని కోటుకా? సిగ్గుండాలి అమ్మాయ్! దేవుడి ముందు 'నాకు, నాకు' అని చెయ్యి చాపుతామా? మనూళ్ళో ఎవరైనా అలా రాయించారా?"

"మరెలా రాయాలి?"

"పద్ధతిగా, ఊరందరి కోసం అని. ఎవరికేం కావాలో పైవాళ్ళకు తెలీదూ?"

అది మా ఊరి మర్యాద. తన మడికి నీరు కావలసినవాడు ఊరంతటికీ వాన అడిగేవాడు. పంతులు పసుపు కాగితం మీద 'బైషువి పొలిమేరలో ఏదియు చెడకుండుగాక' అని రాసి, ఎర్రముద్ర వేసి, కాల్చి పైకి పంపాడు. నకలును గుడిపెట్టెలో భద్రపరచాడు.

పైనున్న గుమాస్తాలకు మర్యాదలు తెలియవు. రాసినదే చదివారు. అర్జీ మంజూరైంది.

మొదట ఊరు పండుగ చేసుకుంది. చేప పది రోజులైనా మెరుస్తూనే ఉంది. తడిసిన వాసం కుళ్ళలేదు. కానీ పెంటపోగులు ఎరువు కాలేదు. తట్టల్లో ఆరబోసిన గింజలకు బూజు పట్టలేదు. వాటినే జాడీల్లో పోసి, ఎండాకాలమంతా ఎండలో ఉంచి మూత తీస్తే, ఉప్పునీటిలో గింజలు నిన్న పోసినట్టే తెల్లగా చూశాయి. వచ్చే ఏడు ఊరు ఏం తిని బతకాలి? కారణం ఎవరో సుయింగ్‌కు తెలుసు. మరో మాట కూడా తెలుసు గాని ఎవరితోనూ అనలేదు: ఆరు నెలలైనా ఆమె ఏడుపు మొదటి రోజులాగే ఉంది, ఒక్క పిసరు తగ్గలేదు.

"బాబాయ్, ఆ అర్జీ రద్దు చేయించు."

"రద్దుకు పైన శాఖే లేదే పిచ్చిదానా! గుడిలో నకలును చిమటలు తింటే హుకుం దానంతటదే తీరిపోతుంది. ఇన్ని వేల హుకుముల కింద మనం బతికి ఉన్నది ఆ పురుగుల పుణ్యానే."

"ఇక్కడ ఏ చిమటా ఏదీ తినదుగా?"

"మరి నేను తల పట్టుకొని కూర్చున్నది ఎందుకనుకున్నావ్?"

"ఏరు దాటిస్తే? అవతల మన పొలిమేర కాదుగా."

"దాటించొచ్చు. కానీ దేని కోసం అర్జీ పెట్టామో దాంట్లోనే చుట్టి తీసుకెళ్ళాలి, దాంతోనే వదలాలి. నియమం." ఆమె భుజం మీది కోటు వైపు ఆయన చూడలేదు.

మర్నాడు ఉదయం గుడిపెట్టెలోని నకలు తీసుకొని సుయింగ్ పడవ దిగేసరికి, అవతలి మల్బరీ తోట చివర ఎరువుకుప్ప పక్కన ఒక ముసలాయన కాళ్ళు ఊపుకుంటూ కూర్చున్నాడు. అధికారి టోపీ చిరిగి ఉంది. చేతిలో ముద్ర సగం రాలిపోయి ఉంది.

"ఏం తాతా, పనిలేదా?"

"ఉండేదమ్మా. మీ ఊరివాళ్ళు రావొద్దని కాగితం పెట్టారు. సృష్టి మొదలయ్యాక ఇదే నా తొలి సెలవు. ఏం చెయ్యాలో తోచి చావట్లేదు."

ఆమెకు తెలిసిపోయింది. "మా ఆయన కోటు కొరికింది నువ్వేనా?"

"నేనే. ఇరవై ఏళ్ళుగా నీ జాడీలు ముగ్గబెట్టిందీ నేనే. దానికెప్పుడూ తిట్టలేదేం?"

సుయింగ్ తల వంచుకుంది.

"దుఃఖం అంచులు అరగదీయడం కూడా నా పనే తల్లీ. ఆరు నెలలుగా నీ గడప తొక్కనివ్వలేదు."

"అరిగిపోతే ఆయన్ని మరిచిపోతానేమో తాతా."

"గింజ ముద్దయ్యాక ఏం పోయింది? ఆ రుచంతా గింజదే కదా!"

ఆమె మెడపట్టీని ఒక్కసారి ముఖానికి అదుముకుంది. నకలును కోటులో చుట్టి, రెండు చేతులతో ఎరువు తవ్వి లోపల పెట్టి కప్పింది. ముసలాయన మోకాళ్ళు పటపటమనిపించుకుంటూ లేచాడు. "హమ్మయ్య," అన్నాడు.

ఇరవయ్యో నాటి ఉదయం ఆమె తట్టలోని గింజల మీద పచ్చని నూగులా బూజు కనబడింది. "వచ్చాడే! వచ్చాడే!" అని ఆమె వేసిన కేకకు వీధి వీధంతా పరుగెత్తుకొచ్చి, ఆ బూజుకు మోకరిల్లింది. ఆ మధ్యాహ్నం హాన్‌లిన్ విసిరిన ఒక పాత ఛలోక్తి గుర్తొచ్చి సుయింగ్ నవ్వింది. నవ్వాననే సంగతి తరవాత గాని ఆమెకు తెలియలేదు. మరుసటి ఏడు ఆ తోట చివరి చెట్లు అరచేయంత ఆకులు వేశాయి.

నేటికీ మేము జాడీ తెరిస్తే తొలి గరిటె క్షయాధికారికని నేల మీద పోస్తాం. అర్జీలో మాత్రం ఎవరి కోరిక వారి పేరనే రాసుకుంటాం, సిగ్గుపడం.

ఈ కథ విన్నవారి జాడీలు నిండుగా ముగ్గుగాక! వారి బాధలు మెత్తగా అరిగి, రుచి మాత్రం మిగులుగాక! మనందరి మీది కఠినమైన హుకుములన్నిటినీ చిమటలు సకాలంలో తినుగాక!