పిట్టకు పెట్టిన సూపు

మూడొద్దులనాడు పిట్ట ముట్టలేదు. బహ్రెయిన్ నుంచి పెట్టెలో వచ్చిన రాజేశానికి కోరుట్ల దగ్గరి వాళ్ల ఊళ్లోనే కొరివి పెట్టారు. మూడో రోజు వాగు ఒడ్డున విస్తరేసి, చచ్చినవాడికి ఇష్టమైనవన్నీ వడ్డించి, కాకి ముట్టాలని ఇంటిల్లిపాదీ ఎదురుచూశారు. పుల్లటి పుంటికూర వేసిన మటన్, గారెలు, కల్లు, అన్నీ భార్య కళావతే సిద్ధం చేసింది. కాకి వచ్చింది, గట్టు మీద కూర్చుని విస్తరిని ఎగాదిగా చూసింది, దాని దారిన అది పోయింది. ఎండ నెత్తికెక్కాక అందరూ ఇంటికి మళ్లారు.

ఊరి నోరు ఊరుకుంటుందా? "గిన్నేండ్ల కాపురమాయె, మొగనికి ఏమిష్టమో దానికే ఎర్క లేదు" అని ఎవరో అననే అన్నారు. కాపురమట, కాపురం! ఎప్పుడో ఓసారి సెలవు మీద వచ్చే మనిషితో కలిసి తిన్న పూటలెన్నని? కళావతికి సిగ్గుతో ప్రాణం చచ్చిపోయింది.

"ఐదొద్దులకు మళ్ల పెడుదాం. గప్పుడు గూడ ముట్టకుంటే నా కొడుకు పానం గాల్లనే తిరుగుతది" అంది అత్త సత్యవ్వ, కోడలి మొహం చూడకుండా.

పెట్టె వెంట వచ్చిన గోవర్ధన్ ఇంకా వాళ్లింట్లోనే ఉన్నాడు. రాజేశం వంటచేసిన హోటల్లోనే గిన్నెలు కడిగేవాడు, అతని గదిలోనే పడుకునేవాడు. కళావతి వెళ్లి అతని ముందు కూలబడింది.

"తమ్మీ, నిజం చెప్పు. మీ అన్నకు అక్కడ ఏమిష్టముండె?"

అతను నసిగాడు. "తెల్ల సూపు వదినా. ఆల్చిప్పలతోని చేస్తరు. తెల్లోళ్ల కోసం వండి, ఓ గిన్నెడు మిగిలిచ్చుకొని తినేటోడు."

ఆల్చిప్పలు! ఆ ఇంట్లో వాటిని నోట పెట్టినవాళ్లు లేరు. అయినా గోవర్ధన్ బస్సెక్కి ధర్మపురి పోయి, గోదావరిలో చేపలు పట్టేవాళ్లను బతిమాలి సంచెడు తెచ్చాడు. ఉప్పునీళ్లలో వేసి ఇసుక కక్కించారు. ఆవిరికి చిప్పలు విచ్చుకున్నాక కండ తీసి, ఆ నీళ్లను బట్టతో వడగట్టారు. వెన్నలో ఉల్లిగడ్డ మగ్గించి, మైదా చల్లి, వడగట్టిన నీళ్లు పోసి, ఆలుగడ్డ ముక్కలు ఉడికించారు. ఆ తర్వాత పాలు, మీగడ. అతను చెబుతున్నాడు, ఆమె కలుపుతోంది. చెయ్యి దానంతటదే కారం డబ్బా మీదికి పోయింది.

"వద్దొదినా. కారం, పసుపు ఏం ఎయ్యద్దు. మిరియాల పొడి చాలు. మంట తగ్గియ్యి, పాలు ఇరుగుతయ్."

చివరికి చిప్పల కండ వేసి దించారు. సూపు గంజిలా చిక్కగా, తెల్లగా ఉంది. పిట్ట ముట్టకముందు ఎంగిలి చేయకూడదు కనుక వాసన చూసి ఊరుకుంది. పాలలో నీచు. తన మొగుడు దాచుకుని తిన్నది దీన్నా అని గిన్నె మీద కోపం వచ్చింది. అయినా ముట్టాలి దేవుడా అని మొక్కుకుంది. ముడితే తన సంగతేమిటో ఆలోచించలేదు పిచ్చిది.

ఐదొద్దులనాడు మళ్లీ విస్తరి వేశారు. పుంటికూర పక్కనే డొప్పలో సూపు. కాకి దిగింది. పుంటికూర వైపు తలైనా తిప్పలేదు. డొప్పలో ముక్కు ముంచి ఆల్చిప్ప కండ లాగింది. వెనకే మరో రెండు దిగాయి.

"ముట్టిండు! నా కొడుకు ముట్టిండు!" సత్యవ్వ కోడలిని కావలించుకుని బావురుమంది. పెద్దమనుషులు అమ్మయ్య అనుకుని కండువాలు దులుపుకున్నారు.

కళావతికి ఏడుపు కూడా రాలేదు. గోవర్ధన్ వైపు తిరిగింది. "నా చేతి కూర మీ అన్నకు గంత చేదాయెనా తమ్మీ?"

"గట్లనకు వదినా. నువ్వు పంపిన మామిడికాయ తొక్కు గూడ మాకే పెడుతుండె. తింటే నువ్వు, ఇల్లు యాదికొచ్చి పని చెయ్యబుద్ధి గాదని. గీ సూపైతే ఏం యాదికి రాదురా అనేటోడు..."

చెప్పాక నాలుక కరుచుకున్నాడు గాని, అప్పటికే ఆమె చెవిన పడింది.

"సచ్చినంక గూడ నేను యాదికి రావద్దా?" కళావతి ఆ కాకులనే అడిగింది. "గిప్పుడేం పని చెడుతదయ్యా నీకు?"

అవి డొప్ప అడుగు గీకుతున్నాయి. వాటిని తోలడానికి ఆమె చెయ్యెత్తింది. చుట్టూ ఉన్నవాళ్లు ఆమె చెయ్యి గట్టిగా పట్టుకున్నారు. పిట్టను అదిలించకూడదు.