ఇంకా ఇరవై ఏడు తూటాలు

నేను ఒక మీటను. కంప్యూటరు కీబోర్డు మీద అక్షరాల మొదటి వరసలో ఎడమ నుంచి నాలుగోదాన్ని. ఒకప్పుడు నా నెత్తిన ఇంగ్లీషు ‘ఆర్’ అక్షరం ఉండేది. ఇప్పుడు అరిగిపోయింది. అది అరిగేదాకా నన్ను బాదిన వాళ్లంతా ధైర్యవంతులమని చెప్పుకునేవాళ్లే. వాళ్ల ధైర్యం ఎంతో నాకు తెలిసినంతగా వాళ్లని కన్నవాళ్లకు కూడా తెలియదు.

ఏ దేశంలో పుట్టానో చెప్పలేను. కరిగిన ప్లాస్టిక్కును అచ్చుల్లో పోస్తే నూట నలుగురం ఒకేసారి బయటపడ్డాం. మాలో అందరికంటే పొడుగైన స్పేస్ బార్‌కి, తాను లేకపోతే లోకంలోని మాటలన్నీ అతుక్కుపోతాయని మహా గర్వం. నాకు అలాంటి భ్రమలు లేవు.

నా మొదటి కొలువు నెల్లూరు కలెక్టరాఫీసు దగ్గర, అర్జీలు టైపు చేసిపెట్టే చిన్న షాపులో. ప్రతి అర్జీ ఇంగ్లీషులో ‘రెస్పెక్టెడ్ సర్’ అని మొదలయ్యేది. గౌరవం మొదలయ్యేది నాతోనే అన్నమాట. ఆ గౌరవాన్ని టైపు చేస్తూనే షాపాయన, అదే సారును నోటికొచ్చినట్టు తిట్టుకునేవాడు. మనుషుల మర్యాద మీద నా నమ్మకం అక్కడే పోయింది. ఐదేళ్ల తర్వాత ఆయన కొత్త కీబోర్డు కొనుక్కుని, మమ్మల్ని ఖాదర్‌బాషాకి ఇచ్చేశాడు.

ఖాదర్‌బాషాది ట్రంకు రోడ్డు పక్క సందులో, బజ్జీల అంగడి పైన గేమింగ్ సెంటరు. ఎనిమిది కంప్యూటర్లు. నాలుగో నంబరు నాది. పొద్దున పది నుంచి అక్కడ యుద్ధం. అది మామూలు తుపాకుల ఆట కాదట. అచ్చం నిజం యుద్ధంలాగే ఉంటుందని ఆడేవాళ్లు గొప్పగా చెప్పుకునేవారు. ఎన్ని తూటాలు మిగిలాయో తెరమీద అంకె కనిపించదు. తుపాకీకి తగిలించే తూటాల డబ్బీ, అదే మ్యాగజైన్, ఒక్కోదాంట్లో ముప్పై తూటాలు. ఎన్ని కాల్చామో ఎవరికి వారే గుర్తుపెట్టుకోవాలి.

నన్ను ఒకసారి నొక్కితే తెరమీది సిపాయి తుపాకీలోని మ్యాగజైన్ తీసి సంచిలో వేసుకుని, మరోటి పెట్టుకుంటాడు. దీనికి నాలుగు సెకన్లు. ఆ నాలుగు సెకన్లూ వాడి చేతిలో ఉన్నది తుపాకీ కాదు, కర్ర. తీసేసిన మ్యాగజైన్‌లో ఎన్ని తూటాలు ఉంటే అన్నీ అలాగే సంచిలోకి పోతాయి. కొత్తది పెట్టుకునేటప్పుడు ‘బరువుగా ఉంది’, ‘సగం’, ‘తేలిక’ అని మూడింటిలో ఒక మాట కనిపిస్తుంది, అంతే. తీరిక దొరికినప్పుడు గోడ చాటున కూర్చుని నన్ను అదిమిపెట్టి ఉంచితే, సగం సగం మిగిలిన వాటిలోని తూటాలన్నీ ఏరి ఒకదాంట్లోకి నింపుకుంటాడు. ఇంత తేలికైన లెక్క. ఒకటో తరగతి పిల్లలు కూడా చేస్తారు.

వీళ్లు చేయలేరు.

ముఖ్యంగా పెంచల కిశోర్. సెల్‌ఫోన్ల షాపులో పనిచేసే పాతికేళ్లవాడు, ఐదుగురున్న జట్టుకి నాయకుడు. నాలుగో నంబరు అచ్చొచ్చిన సీటని వేరేచోట కూర్చునేవాడు కాదు. రెండు తూటాలు కాల్చి నన్ను నొక్కేవాడు. మూడు కాల్చి మళ్లీ నొక్కేవాడు. ఎండుటాకు కదిలినా నన్నే నొక్కేవాడు. మ్యాగజైన్ ఖాళీ కాకపోయినా వాడికి ఖాళీ అయినట్టే ఉండేది. పది నిమిషాలు తిరక్కుండానే సంచిలోని ఎనిమిది మ్యాగజైన్లూ ‘సగం’, ‘తేలిక’ అయి కూర్చునేవి. అప్పుడు గట్టిగా అరిచేవాడు: “తూటాలు లేవు నాకు! ఎవరన్నా ఈండప్పా!”

ఇచ్చేవాడు ఒక్కడే. మాలకొండయ్య.

ఇళ్లకి గ్యాసు బండలు వేసే మనిషి, నలభై దాటాయి. కింద బజ్జీల అంగడికి బండ దించడానికి వచ్చి, సెల్లుకి చార్జింగ్ పెట్టుకుందామని ఒకరోజు పైకెక్కాడు. ఆట చూస్తూ నిలబడ్డాడు. మర్నాడు తానే వచ్చి కూర్చున్నాడు. మధ్యాహ్నాలు నాలుగో నంబరు ఖాళీగా ఉంటుంది కాబట్టి అతడి వేలు నాకు బాగా ఎరుక. బండను ఇలా ఎత్తి అలా దించి, “ఇంకో నాలుగు దినాలొస్తాదమ్మా” అని చెప్పగలిగిన మనిషి. దేనికెంత బరువు పెట్టాలో ఆ చేతికి తెలుసు. నన్ను అక్కరకే నొక్కేవాడు, అక్కరకెంతో అంతే నొక్కేవాడు. కాల్చేటప్పుడు పెదాలు కదిలేవి, లెక్కపెట్టుకుంటూ. నా జన్మలో నేను గౌరవించిన వేలు అదొక్కటే.

జట్టులో అతడి పని తూటాలు మొయ్యడం. అందరి సంచుల్లో పేరుకున్న సగం మ్యాగజైన్లు పోగుచేసి, గోడ చాటున కూర్చుని, నిండుగా నింపి తిరిగి ఇచ్చేవాడు.

“ఏంది మాలకొండన్నా, అవతల యుద్ధం జరగతా ఉంటే నువ్వు శెనక్కాయలు వొలస్తా ఉండావా?” అనేవాడు కిశోర్.

“వొలిచిపెడతా ఉండేది నీకే గదరా అబ్బయా,” అనేవాడు మాలకొండయ్య. కిశోర్ ఆ నిండు మ్యాగజైన్ అందుకుని, రెండు కాల్చి, మళ్లీ నన్ను నొక్కేవాడు.

ఇంతలో పోటీ వచ్చింది. నెల్లూరులో గెలిచిన ఐదుగురు విజయవాడ వెళ్లి రాష్ట్రస్థాయిలో ఆడతారు. పోటీ కాగితం మీద ‘గూడూరు మాలకొండయ్య’ అని పూర్తి పేరు అచ్చయింది. అతడి వీధిలో ఇరవై ఏళ్లుగా అందరూ అతణ్ణి ‘గ్యాసు’ అనే పిలుస్తారు. ఆ కాగితం మడిచి జేబులో పెట్టుకుని తిరిగాడు, బండలు వేసిన ప్రతి గుమ్మంలో తీసి చూపించాడు. ఏజెన్సీలో మూడు రోజులు సెలవు చెప్పాడు. అతడి భార్య, మా ఆయన విజయవాడ పోతున్నాడని వీధి వీధంతా చెప్పేసింది.

ఆదివారం మధ్యాహ్నం ఖాదర్‌బాషా సెంటర్లోనే ఫైనలు. చివరి రౌండులో మా వాళ్లలో కిశోర్ ఒక్కడే మిగిలాడు, అవతలి జట్టులోనూ ఒక్కడే. మాలకొండయ్య సిపాయి చావడానికి ముందు చేసిన ఆఖరి పని, నిండు మ్యాగజైన్ ఒకటి కిశోర్‌కి అందించడం. చచ్చినవాడు ఇక చేసేదేమీ ఉండదు గనక, అతడు పక్క సీట్లోంచి కిశోర్ తెరనే చూస్తున్నాడు.

కిశోర్ మూడు తూటాలు కాల్చాడు. మూడూ గోడకి తగిలాయి. శత్రువు గోడ వెనక నుంచి ఎదురుగా వచ్చి నిలబడ్డాడు, పది అడుగుల దూరంలో. కిశోర్ చేతిలో ఇంకా ఇరవై ఏడు తూటాలు. అన్నీ ఉన్నా అల్లుడి నోట్లో శని అంటారే, అదే జరిగింది. వాడు కాల్చలేదు. నన్ను నొక్కాడు.

నాలుగు సెకన్లు. శత్రువుకి రెండే చాలాయి.

గది గొల్లుమంది. కిశోర్ లేచి నిలబడి కీబోర్డును గుద్దాడు. “ఆర్ కీ పాడైపోయుండాది సార్! ఎప్పుడో నొక్కింది ఇప్పుడు పడింది!” అని రెఫరీ మీదికి అరిచాడు. ఆడలేక మద్దెల ఓడు అన్న సామెత పుట్టినప్పుడు కీబోర్డులు లేవు. ఉంటే సామెత మా మీదే కట్టేవాళ్లు.

రెఫరీ తిరుపతి నుంచి వచ్చిన మనిషి, సాయంత్రం రైలు అందుకోవాలి. “నువ్వు చెప్తే చెల్లదయ్యా. పక్కన కూర్చున్నాయన నొక్కి చూపించి సంతకం పెట్టాలి. కీ పనిచేయకపోతే ఆఖరి రౌండు మళ్లీ ఆడొచ్చు,” అన్నాడు. తానే నొక్కి చూడొచ్చు కదా? చేతిలో సమోసా ఉంది, వేళ్లకి నూనె.

అందరూ మాలకొండయ్య వైపు తిరిగారు. నేను మాత్రం నిశ్చింతగా ఉన్నాను.

కిశోర్ వంగి అతడి చెవిలో గుసగుసగా అన్నాడు: “అన్నా, విజయవాడ అన్నా.”

“ఇరవై ఏడుండాయి గదరా దాంట్లో,” అన్నాడు మాలకొండయ్య అంతే మెల్లగా.

“తెలుసన్నా. చెయ్యి ఆగలా.”

మాలకొండయ్య జేబు తడుముకున్నాడు. అందులో కాగితం ఉంది. తర్వాత వేలు తెచ్చి నా మీద పెట్టాడు.

నా కింద చిన్న రబ్బరు బుడిపె ఉంటుంది. అది పూర్తిగా అణిగితేనే తెరమీద కదలిక. ఎంత బరువు పెడితే అణుగుతుందో అతడికి తెలుసు, ఎంత పెడితే అణగదో కూడా తెలుసు. చూసేవాళ్లకి గట్టిగా నొక్కినట్టే ఉంది. గోరు కూడా తెల్లబడింది. నేను సగం దిగి ఆగిపోయాను. ఒకసారి, రెండుసార్లు, మూడుసార్లు.

“చూడండి సార్. పడటం లా,” అన్నాడు. సంతకం పెట్టాడు.

అంతమంది పిరికివాళ్లు బాదినప్పుడు కలగని బాధ అప్పుడు కలిగింది. దాచుకోవడమెందుకు, ఏడవగలిగితే ఏడ్చేదాన్ని.

పాడైన కీ అన్నాక పీకాలి కదా. ఖాదర్‌బాషా స్క్రూడ్రైవరుతో నన్ను ఊడదీసి సొరుగులో పడేశాడు. బదులు పెట్టడానికి వేరే మీట లేదు. నా చోట చిన్న మొండి మిగిలింది, చూసి చూసి వేలి కొసతో పొడిస్తే గాని అందదు. ఆఖరి రౌండు మళ్లీ ఆడారు. భయం వేసినప్పుడల్లా కిశోర్ వేలు ఆ మొండి కోసం తడుముకుంది, దొరకలేదు. గత్యంతరం లేక కాల్చాడు. ముప్పై తూటాలూ వరసగా కాల్చాడు. గెలిచాడు!

“చూసినారా? కీ తీసేస్తే ఎట్ట ఆడినానో! ఇన్నాళ్లూ దానివల్లే ఓడింది,” అన్నాడు. అందరూ తలలూపారు.

విజయవాడలో మొదటి రోజే ఓడి వచ్చారు. అక్కడి కీబోర్డుకి మీటలన్నీ ఉన్నాయి.

ఇప్పుడు నా కాపురం సొరుగులో, తెగిన హెడ్‌ఫోన్ వైర్ల మధ్య. కొత్తగా వచ్చినవాళ్లు ఆ ఫైనలు కథ అడుగుతుంటారు. చెప్పేది మాలకొండయ్యే. మొదటిసారి తల వంచుకుని రెండు ముక్కల్లో ముగించాడు. రెండోసారి కొంచెం పెరిగింది. ఇప్పుడు లేచి నిలబడి, చేతులు తిప్పుతూ చెబుతున్నాడు: “నేనే నొక్కి చూసినా గదా, ఈ వేలితోనే. బండరాయి మాదిరి, కదల్లా!”

నిన్న ఎవరో ఆ కీ ఏదీ అని అడిగితే, ఖాదర్‌బాషా సొరుగు తీసి నన్ను బల్లమీద పెట్టాడు. మాలకొండయ్య నా మీద వేలు పెట్టి, ఈసారి ఉన్న బలమంతా పెట్టి నొక్కాడు. నా కింద బుడిపె లేదు, బోర్డు లేదు, ఉత్త బల్ల. తెరమీద ఏమీ కదల్లేదు.

“చూసినావా?” అన్నాడు.

అతడి ముఖంలో అబద్ధం జాడ కోసం వెతికాను. కనిపించలేదు.