భాష రాని కోడలు

రాజుగారి చెల్లెలికి నాలుగు పరాయి భాషలు వచ్చు. నాలుగూ పెళ్ళి కోసం నేర్చుకున్నవే, ఒక్క పెళ్ళీ కాలేదు. పదకొండో ఏట మొదటి సంబంధం కుదిరితే రెండేళ్ళపాటు ఆ దేశపు భాష రుద్దించారు, ఇంతలో పెళ్ళికొడుకు మశూచి వచ్చి పోయాడు. రెండోది కొండల అవతలి రాజ్యం. ఐదేళ్ళు చదివి, కలలు కూడా ఆ భాషలోనే వస్తున్న రోజుల్లో యుద్ధం వచ్చిపడింది. మూడో పెళ్ళికొడుక్కి రేవు పట్టణం రాసిచ్చే మామగారు దొరికాడు. నాలుగోవాళ్ళు పిల్ల వయసు విని, ఇంకా చిన్నపిల్లలెవరైనా ఉన్నారా అని అడిగారు. రాకుమారి బతుకంటే పట్టు పరుపులూ ముత్యాల దండలూ అనుకునేవాళ్ళు అనుకోనీండి, ఎవరొద్దన్నారు? ఈమెకిప్పుడు నలభై రెండేళ్ళు. చలికి మోకాళ్ళు పట్టేసే గది, కిటికీ తెరిస్తే గుర్రపుశాల పెంటకుప్ప, మాట్లాడ్డానికి మనిషి లేని నాలుగు భాషలు. అదీ ఆమె వైభోగం.

కొండల అవతలివాళ్ళతో ఇన్నాళ్ళకు సంధి కుదిరింది. అందుకు గుర్తుగా రాజుగారి పదహారేళ్ళ కూతుర్ని అక్కడి చిన్న రాకుమారుడికి ఇస్తున్నారు. ఆ భాష తెలిసినవాళ్ళు కోటలో మరొకరు లేరు కాబట్టి పిల్లకు నేర్పే పని మేనత్త నెత్తిన పడింది. ఆర్నెల్ల తరవాత వాళ్ళ రాయబారి వచ్చి పిల్లను పరీక్షిస్తాడు. భాష వస్తే పిల్ల ఒక్కతే వెళుతుంది. రాకపోతే, మాట అందించడానికి ఒక తోడు మనిషిని కూడా పంపాలి. ఒప్పందంలో ఆ ముక్క చూపించి అన్నగారు జాలిగా మొహం పెట్టాడు.

"దానికి రాకపోతే నువ్వే వెళ్ళాల్సి వస్తుందమ్మా. కాస్త శ్రద్ధగా నేర్పు."

వెళ్ళాల్సి వస్తుందట! ముప్పై ఏళ్ళుగా ఆవిడ కోరుకున్నది ఆ కోట గుమ్మం దాటడమొక్కటే. పిల్లకు సరిగ్గా నేర్పకపోతే చాలు, తను బయటపడుతుంది.

మొదటి వారం అదే చేసింది, దాపరికమెందుకు. రొట్టెను రాయి అని చెప్పింది, దండాన్ని తిట్టు అని చెప్పింది. పిల్లకు చదువంటే బద్ధకం, అత్తంటే ప్రాణం. తల్లి పోయినప్పటినుంచీ ఈ అత్త పక్కలోనే పెరిగింది. చెప్పిందల్లా నమ్మి వల్లెవేసింది.

ఎనిమిదో రోజు అత్త మెట్లెక్కుతూ గోడమీద తన అక్క పటం ముందు ఆయాసం తీర్చుకోవడానికి ఆగింది. ఆ అక్కను భాష రాకుండానే ఎక్కడికో ఇచ్చేశారు. నాలుగు ఉత్తరాలు రాసింది. నాలుగోదాంట్లో, ఇక్కడ నన్ను చూసి నవ్వుతున్నారు, ఎందుకో తెలియడం లేదు అని ఉంది. ఐదో ఉత్తరం రాలేదు. పోయిందన్న కబురొచ్చింది.

అత్త గదిలోకి వచ్చి పిల్ల పుస్తకంలో ఆ వారం రాసిన కాగితాలన్నీ చింపి పొయ్యిలో పడేసింది. చెప్పిందంతా తప్పు, మళ్ళీ మొదట్నుంచీ అంది. నువ్వే కదత్తా చెప్పావు అని పిల్ల నోరెళ్ళబెడితే, అవును నేనే చెప్పాను, కలం పట్టుకో అని కసిరింది.

ఇక మిగిలిన ఐదు నెలల పైచిలుకూ గొంతు బొంగురుపోయేలా నేర్పింది. వంటవాళ్ళ మాటలు, కొలువు మాటలు, తిట్లు కూడా. పిల్ల ఒక్కో వాక్యం తప్పు లేకుండా చెప్పినప్పుడల్లా ఆమెకు గర్వంగానూ ఉండేది, తన దారి మరో అడుగు మూసుకుపోయినట్టూ ఉండేది. ఒకరోజు పిల్ల, నేను బాగా మాట్లాడితే నువ్వు నాతో రావు కదూ అని అడిగింది. ఒప్పందం సంగతి దాది చెప్పేసినట్టుంది. ఈ మోకాళ్ళతో కొండలెక్కుతానా, పాఠం చదువు అని అత్త మాట మార్చింది.

పరీక్ష రోజున రాయబారి, జలుబుతో ముక్కు చీదుకుంటూ ఉండే ఒక బక్క ముసలాయన, పిల్లను చాలా తేలిక ప్రశ్న అడిగాడు. పిల్ల బెల్లం కొట్టిన రాయిలా నిలబడింది. మళ్ళీ అడిగాడు. "నేను... గుర్రం... మంచి," అంది పిల్ల. పిల్ల ఓరగా తనవైపు చూసిన చూపుతో అత్తకు అర్థమైంది, ఇదంతా తనకోసమేనని. సిగ్గు లేకుండా ఆ క్షణంలో ఆవిడకు తన పెట్టె, ఉన్ని శాలువా, మందుసీసా కళ్ళముందు మెదిలాయి.

రాయబారి మొహం విప్పారింది. తన భాషలో చెప్పుకుపోయాడు. ఆయనేమంటున్నాడని అన్నగారు అడిగితే, ఆ మాటలు చెప్పాల్సింది కూడా ఈవిడే అయింది.

"తోడు మనిషి అక్కర్లేదంటున్నారు. ఆ షరతు వాళ్ళే వదిలేసుకుంటారట. పెద్ద కోడలికి మాటలెక్కువై ఆమెను దూరపు కోటలో పెట్టాల్సి వచ్చిందట. వాళ్ళ మహారాణికి కావాల్సింది నోట్లో నాలుక లేని పిల్లేనట."

పిల్ల తనకు భాష వచ్చన్న నిజం చెప్పేయబోయింది. అత్త చెయ్యి గట్టిగా నొక్కి ఆపేసింది.

తెల్లారి బండి దగ్గర పిల్ల వెక్కివెక్కి ఏడ్చింది. నీకోసమే అలా చేశానత్తా అంది.

"తెలుసు. నేను వారం రోజులు తప్పులు నేర్పింది నాకోసమే. క్షమించు తల్లీ. ఇప్పుడు విను. నీకు భాష రాదనుకున్నన్నాళ్ళూ వాళ్ళు అన్నీ నీ ముందే మాట్లాడుకుంటారు. ఎవరు నీవాళ్ళో, ఎవరు కారో తెలిసేదాకా నోరు విప్పకు."

ఏడాదికి రెండు చొప్పున ఉత్తరాలు వచ్చాయి, అక్కడివాళ్ళు విప్పి చదివి మళ్ళీ అంటించినవి. భాష ఇంకా రాలేదు, అందరూ మంచివాళ్ళే అని ప్రతిదాంట్లోనూ అదే ముక్క. ఇంత మొద్దేమిటి, ఆర్నెల్లు ఏం నేర్పావు అని అన్నగారు విసుక్కున్నాడు. నాలుగో ఉత్తరం తరవాత ఆవిడ అక్క పటం ఉన్న మెట్లవైపు వెళ్ళడం మానేసింది. గుర్రపు డెక్కల చప్పుడైతే కిటికీ దగ్గరికి పరుగు, ఉసూరుమంటూ వెనక్కి రావడం. అదే పనైపోయింది.

ఐదో ఉత్తరం వచ్చింది. దానికి మళ్ళీ అంటించిన గుర్తు లేదు, ఎవరూ విప్పలేదు. మొత్తం ఆ భాషలోనే, ఒక్క తప్పు లేకుండా ఉంది. మహారాణి సొంత తమ్ముడు పిల్ల ముందే కూర్చుని రెండేళ్ళపాటు మంతనాలాడి పన్నిన కుట్రను, ఆమె నిండు కొలువులో మొదటిసారి నోరు విప్పి, ఆయన మాటల్లోనే అప్పజెప్పిందట. ఏం కావాలో కోరుకోమంటే అత్త కావాలందట.

అత్త ఇన్నాళ్ళకు మెట్లవైపు వెళ్ళి, అక్క పటం కింద కూర్చుని రెండోసారి చదివింది. అన్నగారు వచ్చి పక్కన నిలబడ్డాడు. ఆయనకు ఆ భాషలో ఒక్క అక్షరం తెలియదు. ఏం రాసింది, భాష ఇప్పటికైనా వచ్చిందా అని అడిగాడు.

"రాలేదట అన్నయ్యా," అంది ఆవిడ కళ్ళు తుడుచుకుంటూ. "నేనే వెళ్ళాల్సి వస్తుందట."