ఎడమ భుజం మీది చొక్కా

యూనిట్‌లో అందరూ అతన్ని భూతద్దం అనేవాళ్ళు. ఆవలిస్తే పేగులు లెక్కపెట్టే రకం మరి. సినిమాలో ఒకే సన్నివేశాన్ని ముక్కలు ముక్కలుగా తీస్తారు కదా, మొదటి ముక్కలో హీరో గడియారం ఏ చేతికుందో తర్వాతి ముక్కలోనూ ఆ చేతికే ఉండాలి. అసిస్టెంట్ డైరెక్టర్‌గా అది చూసుకోవడమే అతని పని. గ్లాసులో నీళ్ళు ఒక గుక్క తగ్గినా పట్టేసేవాడు. అంత బాగా చేశాడు కనకనే ఏళ్ళ తరబడి అక్కడే ఉండిపోయాడు. "నువ్వు పక్కనుంటే నాకు నిశ్చింతరా" అని భుజం తట్టిన డైరెక్టర్లే గానీ, నీ దగ్గర కథ ఏమైనా ఉందా అని అడిగిన పుణ్యాత్ముడు ఒక్కడూ లేడు.

చివరికి దారి చూపించింది భార్యే.

"నిర్మాతవి కూడా నువ్వే అయిపో. అప్పుడు నిన్ను వద్దనేదెవరు?" అంది.

ఉన్న ఇల్లు అమ్మేసి, అద్దెకు మారి, ఇద్దరూ అన్నంత పనీ చేశారు.

ఆ సినిమాకి ప్రాణం ఒకే సన్నివేశం. ఉతికిన బట్టలు మడతపెడుతున్న తల్లికి, కొడుకు పోయాడని ఫోన్ వస్తుంది. ఆమె ఏమీ అనదు. వాడి చొక్కా తీసుకుని మడతపెడుతుంది, అంతే. అది పండితే సినిమా ఉన్నట్టు, లేకపోతే ఇల్లు గంగలో కలిసినట్టే. ఆ వేషానికి ఏరికోరి, సినిమావాళ్ళంతా 'అత్తగారు' అని పిలిచే ఓ పాత నటిని తెచ్చుకున్నాడు. గయ్యాళి అత్త వేషాలు వేసి వేసి ఆవిడకి ఆ పేరే స్థిరపడిపోయింది.

"కోడళ్ళని ఏడిపించమనేవాళ్ళే గానీ, నాకూ ఓ ఏడుపుంటుందని అనుకున్నవాడు లేడురా అబ్బాయ్" అంటూ ఒప్పుకుంది ఆవిడ.

ముందు దూరం నుంచి తీశారు. తర్వాత కెమెరా దగ్గరికి జరిగింది. అత్తగారు ఫోన్ పెట్టేసింది. భుజం మీదున్న చొక్కా తీసి, మడతపెట్టబోయి ఆగింది. లైట్లు పట్టుకున్నవాళ్ళు కూడా ఊపిరి బిగబట్టారు. ఆవిడ మెల్లగా కళ్ళెత్తింది. స్క్రిప్టులో లేని మాటేదో అనడానికి పెదవులు విప్పింది.

"కట్!" అన్నాడు భూతద్దం. "చొక్కా ఇందాకటిలా ఎడమ భుజం మీద ఉండాలి అత్తగారూ. మీరు కుడి భుజం మీంచి తీశారు."

కెమెరామన్ తల దించుకున్నాడు. తను చేసిన పనేమిటో అప్పటికి గానీ భూతద్దానికి తెలిసిరాలేదు. తప్పులు పట్టి బతికిన నోరు, డైరెక్టర్ అయినంత మాత్రాన ఊరుకుంటుందా?

మళ్ళీ తీశారు. చొక్కా ఎడమ భుజం మీదికి వచ్చింది, చూపు కుదిరింది, అన్నీ కుదిరాయి. ప్రాణమే లేదు. సాయంత్రం దాకా చేతులు కాలాక ఆకులు పట్టుకుంటూనే ఉన్నాడు.

ఎడిటింగ్‌లో గత్యంతరం లేక ఆ పాడైన షాటే వాడాడు. ఆవిడ పెదవులు విచ్చుకోవడం, తన అరుపుకి సరిగ్గా ముందు తెర నల్లబడటం. భుజం మారిన సంగతి జనంలో ఒక్కడికీ పట్టలేదు. సినిమా బ్రహ్మాండంగా ఆడింది.

"ఆ మాట వినిపించకుండా ఆపేశాడు చూడండి, అదీ డైరెక్షనంటే!" అన్నారు. అబ్బే, అది పొరపాటండీ అన్నాడు మొదట్లో. అది వినయం అనుకుని ఇంకా పొగిడారు. ఆ తర్వాత ఊరుకున్నాడు. ఊరుకున్న ప్రతిసారీ సిగ్గుతో చచ్చిపోయాడు.

విజయోత్సవం నాడు అత్తగారు ఓ మూల కుర్చీలో ఒంటరిగా కనిపించింది. వెళ్ళి పక్కన కూర్చున్నాడు.

"ఆ రోజు ఏమనబోయారు అత్తగారూ?"

"నాకేం తెలుసు?" అంది ఆవిడ. కోపమేమీ లేదు ఆ గొంతులో. "అనబోయింది నేను కాదుగా, ఆ తల్లి. నువ్వు కట్ అన్నావు, ఆవిడ వెళ్ళిపోయింది. సాయంత్రం దాకా పిలిచాను, మళ్ళీ రాలేదు."

అతని కళ్ళలో నీళ్ళు తిరిగాయి. ఆవిడ అతని చెయ్యి తట్టి, వేదిక వైపు చూపించింది.

"లేవరా అబ్బాయ్. నిన్ను పొగడ్డానికి వాళ్ళు వెతుక్కుంటున్నారు, వెళ్ళు."